ఈ ఇంట్లో అందరివీ మీ పోలికలే

తెనాలి,
ఆదివారం మధ్యాహ్నం.

చిరంజీవి అమ్మాయికి పిన్ని ఆశీస్సులు.

నువ్వు ఫోనులో పంపిన పొడుగాటి సందేశం మూడుసార్లు చదివాను. జవాబు ఫోనులోనే చెప్పవచ్చు. కానీ నువ్వు మేకప్ గదిలో కూర్చుని వింటావు, మధ్యలో ఎవరో షాట్ రెడీ అంటారు, సగం విని ‘సరే పిన్నీ’ అని పెట్టేస్తావు. కాగితమైతే బ్యాగులో పడి ఉంటుంది, ఎప్పుడో ఒకప్పుడు చదవక తప్పదు.

నలభై రెండేళ్లు వచ్చాయి, సినిమాల్లో హీరో అక్క వేషం నుంచి ఒక్క గంతులో హీరో తల్లి వేషానికి వచ్చాను, ఆ తల్లికి ఉన్నవి రెండే సీన్లు, ఒకదానిలో అన్నం వడ్డిస్తాను, రెండోదానిలో దండ వేసిన ఫొటోలో ఉంటాను అని రాశావు. నవ్వాను. ఆ ఫొటోలో నేను కూడా చాలాసార్లు ఉన్నాను. ఇప్పుడు ఒక నిర్మాత డైలీ సీరియల్‌కు డైరెక్షన్ చేయమంటున్నాడు, చేయగలనా పిన్నీ అని నీ ప్రశ్న.

చేయగలవు. ఆ విషయంలో నాకు అనుమానం లేదు. నా అనుమానం వేరే. నటించకుండా ఊరుకోగలవా?

దీనికి నా మొదటి రోజు సంగతి చెప్పాలి. 1996. తెలుగులో ప్రైవేటు ఛానళ్లు వచ్చి ఏడాది అయింది. అంతకుముందు మాకు టీవీ అంటే దూరదర్శనే, సీరియల్ అంటే పదమూడు వారాలు. ఆ కొత్త వేడిలో నాకొక వారపు సీరియల్ చేతికి వచ్చింది. మొదటి రోజు, మొదటి సీను. కోడలికి పుట్టింటి నుంచి చెడు కబురుతో ఉత్తరం వస్తుంది, చదివి కూలిపోవాలి. ఆ పిల్ల కొత్తది. మూడు టేకులైనా రాలేదు. నాలో ఇరవై ఎనిమిదేళ్ల నాటకం ఒక్కసారిగా లేచింది. ‘ఇలా చూడమ్మా’ అని ఉత్తరం లాక్కుని నేనే చేసి చూపించాను. యూనిట్ అంతా చప్పట్లు కొట్టింది. లైట్‌మెన్‌లలో ఒకాయన కళ్లు తుడుచుకున్నాడు కూడా. ఆ పిల్ల నన్ను అచ్చం అలాగే దించింది. షాట్ ఓకే. దాంతో అత్తగారి వేషం వేస్తున్నావిడ ‘నాకూ ఒకసారి చూపించండి’ అంది. చూపించాను. ఆడపడుచుకు చూపించాను. మామగారికి చూపించాను. సాయంత్రానికి గొంతు పోయింది, మనసు మాత్రం గాలిలో తేలుతోంది.

ఎనిమిది రోజుల తర్వాత ఎడిటింగ్ గదిలో కూర్చున్నాను. ఎడిటర్ నెరిసిన జుట్టు మనిషి, మాట తక్కువ. రష్, అంటే మేం తీసిందంతా, చూసి, టేపు ఆపి, కళ్లజోడు తీసి తుడుచుకుంటూ అన్నాడు: “అమ్మా, ఈ ఇంట్లో అందరివీ మీ పోలికలే. కోడలికి కూడా.”

అప్పుడు చూశాను. నలుగురూ ఒకే వైపు మెడ వంచుతున్నారు. నలుగురూ ఏడ్చే ముందు పమిట చెంగు ఎడమ చేతి వేళ్లకు చుట్టుకుంటున్నారు. మామగారు చెంగు లేక కండువా చుట్టుకున్నాడు. అది నా అలవాటు. నాకే తెలియని నా అలవాటు.

నటి డైరెక్టర్ అయితే ముందుగా పట్టుకునే జబ్బు ఇది. చప్పట్లు వస్తాయి కాబట్టి జబ్బని తెలియదు. చేసి చూపిస్తే పని తొందరగా అవుతుంది కూడా, డైలీ సీరియల్‌లో తొందరే దేవుడు కదా. కానీ నువ్వు చేసి చూపించిన క్షణంలో ఆ పిల్ల ఆలోచించడం మానేస్తుంది. ఇక నిన్నే చూస్తుంది. రేపు నువ్వు రాని రోజు, సెకండ్ యూనిట్‌లో ఇంకొకరు తీస్తున్నప్పుడు, ఆమె దగ్గర ఏమీ మిగలదు.

మరి ఏం చేయాలి? చేయడానికి పని ఇవ్వు. నిజంగా చేతులకు పని. ఒకసారి భర్తకు ప్రమాదం జరిగిందని తెలిసే సీనులో ఒక అమ్మాయి ఊరికే ముఖం ముడుస్తోంది. నేను కుర్చీలోంచి లేవలేదు (లేవకుండా ఉండటానికి నేను పడిన బాధ నాకే తెలుసు). ‘పొయ్యి మీద పాలు ఉన్నాయి. ముందు స్టవ్ కట్టేయి. తర్వాత ఏడువు’ అన్నాను. ఆమె స్టవ్ కట్టేయడానికి వెళ్లింది, నాబ్ తిప్పింది, అది ఆరిందో లేదో మళ్లీ చూసింది, అక్కడే ఆగిపోయింది. కన్నీరు రాలేదు. అవసరం కూడా లేకపోయింది. ఆ వారం నాకు వచ్చిన ఉత్తరాలన్నీ ఆ స్టవ్ గురించే.

రెండోది, ఈ సీనుకు ముందు ఏం జరిగిందో చెప్పు. మన సీరియళ్లలో హాల్ సీన్లన్నీ ఒకచోట, పడకగది సీన్లన్నీ ఒకచోట తీస్తాం. సోమవారం ఎపిసోడ్‌లో గొడవ, గురువారం ఎపిసోడ్‌లో రాజీ, రెండూ ఒకే ఉదయం పదకొండు గంటలకు, ఒకే సోఫా మీద. నటులకు సీన్ పేపరు చేతికి అందేది షాట్‌కు అరగంట ముందు. పాపం, వాళ్లకు తాము ఎక్కడి నుంచి వస్తున్నదీ తెలియదు. నువ్వు వెళ్లి చెవిలో ‘నిన్న రాత్రి ఆయన అన్నం తినకుండా పడుకున్నాడు, నువ్వూ తినలేదు’ అంటే చాలు. ఆ ఒక్క ముక్క పది నిమిషాల ఉపన్యాసం కన్నా మేలు.

ఇక్కడే నాటకం నీకు అక్కరకు వస్తుంది. 1929లో ఈ తెనాలిలోనే ఆంధ్ర నాటక కళాపరిషత్తు పుట్టింది. ఆ చెట్టు నీడలో ఊరూరా పరిషత్తు పోటీలు వచ్చాయి, వాటి కూడు తిని బతికిన వాళ్లం మేము. ఆడవాళ్లు తక్కువ కాబట్టి ఒకే పోటీలో ఒకే నటి రెండు మూడు నాటక సమాజాలకు వేషం కట్టేది. నేను ఒక రాత్రి మూడు నాటకాలు వేశాను. మొదటిదానిలో విధవరాలిని, రెండోదానిలో మంత్రిగారి భార్యను, తెల్లవారుజామున మూడోదానిలో కూలి మనిషిని. మూడు నాటకాల్లోనూ నా మాటలే కాదు, ఎదుటివారి మాటలు కూడా నోటికి వచ్చేవి, ఎందుకంటే వాళ్లు మరిచిపోతే ఎత్తి అందించాల్సింది నేనే. మొత్తం కథ బుర్రలో మోయడం అలా అలవాటైంది. కంటిన్యూటీ అని ఇప్పుడు పేరు పెట్టి పుస్తకంలో రాసుకుంటున్నారే, అది మాకు పోటీలకు ఊరూరా తిరుగుతూ రైల్వే ప్లాట్‌ఫారాల మీద వచ్చింది.

సురభి వాళ్లను చూడు. 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో ‘కీచక వధ’ నాటకంతో మొదలైన నాటకాల కుటుంబం అది. ఆ డేరాలో పుట్టిన పిల్ల మాయాబజార్‌లో ఘటోత్కచుడి వేషం ఎవరిదని అడగడం కన్నా ముందు, లడ్డూలు లేచే తీగ ఎవరు లాగుతున్నారో చూస్తుంది. నువ్వు ఇన్నేళ్లూ లడ్డూ వైపు ఉన్నావు. ఇప్పుడు తీగ వైపు రావాలి.

నాటకం చెరిచేది కూడా ఉంది. మనకు ఎదురుగా జనం కూర్చుంటారని ఒళ్లంతా నమ్మకం. నా మొదటి నాలుగు ఎపిసోడ్లలో నటులందరూ కెమెరా వైపు తిరిగి వరుసగా నిలబడి ఉంటారు. ‘పెళ్లి ఫొటో ఎప్పుడమ్మా’ అని కెమెరామన్ వెక్కిరించాడు. ఒకళ్ల వెనక ఒకళ్లు నిలబడవచ్చని, వీపు చూపించి కూడా మాట్లాడవచ్చని, తలుపు అవతల నుంచి వినవచ్చని నాకు మెల్లగా తెలిసింది.

లుక్, అంటే షాట్‌లో నటులు చూసే దిక్కు, దాని సంగతి వేరే చెప్పాలి. నటిగా నీ లుక్ ఒక్కటే చూసుకుంటే సరిపోయేది: కెమెరాకు కుడివైపా, ఎడమవైపా. ఇప్పుడు హాల్లో తొమ్మిది మంది కూర్చుంటే తొమ్మిది లుక్కులు నీవే. ఇద్దరు మాట్లాడుకుంటుంటే వాళ్ల మధ్య ఒక గీత ఉందనుకో. కెమెరా ఆ గీతకు ఒకే పక్కన ఉండాలి. దాటావా, క్లోజుల్లో, అంటే ఒక్కొక్కరి ముఖం దగ్గరగా తీసిన షాట్లలో, ఇద్దరూ ఒకే దిక్కు చూస్తూ ఎవరో మూడో మనిషితో మాట్లాడుతున్నట్లు ఉంటుంది. సీరియల్ అంటే ఉమ్మడి కుటుంబం, ఉమ్మడి కుటుంబం అంటే తొమ్మిది మంది హాల్లో నిలబడటం, కాబట్టి ఈ బాధ నీకు రోజూ ఉంటుంది. నేను అగ్గిపుల్లలు పేర్చుకుని ముందు రాత్రి సీను వేసుకునేదాన్ని. మీ బాబాయి నాకు మతి చలించిందనుకున్నారు.

సీరియల్ ఒప్పుకోక ముందు ఒక నెల ఎడిటింగ్ గదిలో కూర్చో. ఇది మాత్రం వినాలి తల్లీ. నిర్మాతను అడుగు, ఇప్పుడు నడుస్తున్న సీరియల్ ఏదైనా సరే, ఒక మూల కుర్చీ చాలు. నటిగా నువ్వు చూసేది నీ టేకు మాత్రమే. ఎడిటర్ చూసేది నువ్వు మాట్లాడనప్పుడు నీ ముఖం. ఆ ముఖం లేకపోతే వాడు ఎక్కడా కత్తిరించలేడు. డైలాగు ఉన్న మనిషి మీద కెమెరా పెట్టి, వినే మనిషిని మరిచిపోయిన డైరెక్టర్లు ఎంతమంది వచ్చి ‘ఎలాగైనా సర్దు’ అని ఎడిటర్‌ను బతిమాలుకుంటారో అక్కడ కూర్చుంటే తెలుస్తుంది. ‘కట్’ అనే ముందు మనసులో రెండు అంకెలు లెక్కపెట్టడం కూడా అక్కడే నేర్చుకున్నాను. డైలాగు అయిపోగానే కట్ అంటే, ముఖం మీదికి అసలు భావం రాకముందే కెమెరా ఆగిపోతుంది.

మా రోజుల్లో టేపు నుంచి టేపుకు ఎక్కించేవారు. మధ్యలో ఒక క్లోజు దూర్చాలంటే ఆ తర్వాతదంతా మళ్లీ మొదటి నుంచి ఎక్కించాలి. అందుకని షూటింగ్‌లోనే ఒళ్లు దగ్గర పెట్టుకుని ఉండేవాళ్లం. ఇప్పుడు కంప్యూటర్లో ఏది ఎక్కడైనా పెట్టవచ్చు, తీయవచ్చు. సుఖమే. ఆ సుఖం వల్ల ఆలోచన షూటింగ్ నుంచి ఎడిటింగ్‌కు వాయిదా పడింది. ముసలిదాని సణుగుడు అనుకుంటే అనుకో.

నువ్వు రాసిన ఒక మాట నాకు నచ్చలేదు. ‘సినిమాలు లేవు కాబట్టి టీవీకి వెళ్తున్నానని అంటారేమో’ అన్నావు. అననీ. అమెరికాలో మా మనవడి దగ్గర ఆరు నెలలు ఉన్నప్పుడు వాడు నాకు ఇడా లుపినో అనే ఆవిడ పని చూపించాడు. లండన్‌లో పుట్టింది. మనలాగే నాటకాల ఇల్లు, తండ్రి స్టాన్లీ లుపినో పేరున్న హాస్యనటుడు. హాలీవుడ్‌లో వార్నర్ బ్రదర్స్‌లో నటిగా ఉన్నప్పుడు నచ్చని వేషం కాదంటే పని ఇవ్వకుండా కూర్చోబెట్టేవారు. ఆవిడ ఆ ఖాళీలో ఇంట్లో ముసుగు తన్ని పడుకోలేదు. సెట్ల మీద తిరుగుతూ కెమెరా ఎక్కడ పెడుతున్నారో, ఎడిటింగ్ ఎలా చేస్తున్నారో చూసేది. 1949లో తాను నిర్మిస్తున్న ‘నాట్ వాంటెడ్’ సినిమా దర్శకుడికి మధ్యలో గుండెపోటు వస్తే ఆవిడే పూర్తి చేసింది, తెర మీద పేరు ఆయనదే ఉంచింది. 1953లో ‘ది హిచ్ హైకర్’ తీసింది. అందులో కథంతా ముగ్గురు మగవాళ్లు, ఒక కారు, ఒక తుపాకి. ఆ తర్వాత సొంత కంపెనీ నిలవలేదు. అప్పుడు టీవీకి వెళ్లింది. ‘ది ట్వైలైట్ జోన్’ అనే సీరియల్‌లో 1959లో ఒక భాగంలో నటించి, 1964లో ఇంకో భాగం డైరెక్ట్ చేసింది. అయిదేళ్లు నడిచిన ఆ సీరియల్ మొత్తంలో డైరెక్షన్ చేసిన ఆడమనిషి ఆమె ఒక్కతే. గుర్రాల కథలు, తుపాకుల కథలు, భయపెట్టే కథలు, హాస్యం, అన్నీ చేసింది. నీకు కూడా ఏడుపు సీన్లు ‘మేడం చూసుకుంటారు’ అని వదిలి, ఫైటు ఉన్న రోజు ఇంకొకళ్లను పిలుస్తారు. ఆ రోజు కూడా నేనే వస్తానని మొదటే చెప్పు.

అదే 1953లో మన భానుమతి గారు ‘చండీరాణి’ని తెలుగు, తమిళం, హిందీ మూడింటిలోనూ డైరెక్ట్ చేశారు. సావిత్రి గారు 1968లో ‘చిన్నారి పాపలు’ తీశారు. ముఖ్యమైన శాఖలన్నీ ఆడవాళ్లకే ఇచ్చారు. డబ్బు రాలేదు గానీ ఆ సాహసం ఇప్పటికీ ఎవరూ చేయలేదనే నా లెక్క. విజయనిర్మల గారు 1973లో ‘మీనా’తో తెలుగులో మొదలుపెట్టి మొత్తం 44 సినిమాలు చేశారు, గిన్నిస్ వాళ్లు రాసుకున్నారు. 44 అంటే ఒకనాటి ఉత్సాహం కాదమ్మా, పొద్దున్నే లేచి ఆఫీసుకు వెళ్లినట్లు వెళ్లడం. టీవీలో మంజులానాయుడు గారు చక్రవాకం, మొగలిరేకులు ఏళ్ల తరబడి నడిపారు. ఆ సమయానికి మా వీధిలో పాలవాడు కూడా వచ్చేవాడు కాదు.

ఇడా లుపినో చేసిన పని ఒకటి మాత్రం నేనూ చేసి చెడిపోయాను. కెమెరామన్ దగ్గర తనకు తెలిసిన దానికన్నా తక్కువ తెలిసినట్లు నటించేదట, అప్పుడు మగవాళ్లు బాగా సహకరించేవారట. మనవడు ఆ ముక్క చెప్పినప్పుడు ఉలిక్కిపడ్డాను. ఆవిడ పేరు వినక ముందే ఆ పని నేనూ చేశాను. ‘అయ్యో నాకేం తెలుసు, మీరే చెప్పండి’ అని ఆరు నెలలు నటించాను. ఏడో నెలలో ఒక లెన్సు వద్దంటే కెమెరామన్ నమ్మలేదు. అందరి ముందూ ‘అమ్మకు ఇవన్నీ తెలియవులే’ అన్నాడు. తప్పు అతనిది కాదు, నేనే నేర్పాను. నువ్వు ఆ పని చేయకు. తెలియకపోతే తెలియదని నిజంగా అడుగు, సిగ్గుపడకు. తెలిస్తే చెప్పు. వాళ్లు నిన్ను ‘అమ్మా’ అంటూనే సందేహం వస్తే పక్కనున్న కో-డైరెక్టర్ ముఖం చూస్తారు. కొన్ని నెలలు అలా ఉంటుంది. కో-డైరెక్టర్‌కు ముందే చెప్పి పెట్టు: వాళ్లు నిన్ను అడిగితే నువ్వు నన్ను అడుగు, జవాబు నేను చెప్తాను అని. మూడు వారాల్లో చూపులు నీ వైపు తిరుగుతాయి.

నీతో కలిసి వేషాలు వేసిన వాళ్లతో జాగ్రత్త. నిన్నటి వరకు మేకప్ గదిలో ఒకే డబ్బాలో తిన్నవాళ్లు. ఇవాళ ‘నాకు క్లోజులు తగ్గించావు’ అంటారు. తగ్గించకపోయినా అంటారు. నన్ను ఒక పెద్దావిడ ఎప్పుడూ ‘ఏమే’ అనేది. డైరెక్టర్‌నయ్యాక కూడా మైకులో వినపడేలా అలాగే పిలిచేది. ఒకరోజు కాఫీ పట్టుకుని ఆవిడ గదికి వెళ్లి, ‘అక్కా, ఇక్కడ ఏమే అను, కొట్టు కూడా. సెట్లో మాత్రం గారు అను, నేనూ నిన్ను గారు అంటాను’ అన్నాను. ఆవిడ కాఫీ తాగింది, ఏమీ అనలేదు. మర్నాడు సెట్లో ‘డైరెక్టర్ గారూ’ అని ఎంత గట్టిగా అందంటే యూనిట్ అంతా తిరిగి చూసింది. అప్పటి నుంచి ఇబ్బంది లేదు.

భాష రాని పిల్లలు వస్తారు. బెంగళూరు నుంచి చాలామంది. మంచి పిల్లలు, కష్టపడతారు. పక్క నుంచి ప్రాంప్టింగ్ చెప్తుంటే వింటూ పలుకుతారు, తర్వాత ఇంకొకళ్లు డబ్బింగ్ చెప్తారు. నీకు ఒళ్లు మండుతుంది, ‘నా భాష’ అనుకుంటావు. మండనివ్వకు. ఆ పిల్ల ఒక చెవితో మాట వింటూ, కళ్లతో ఎదుటి మనిషిని చూస్తూ, ముఖంలో బాధ చూపిస్తోంది. మూడు పనులు. అంత పెద్ద డైలాగు ఎందుకు? రచయితతో మాట్లాడి ఆమెవి చిన్న మాటలు చేయించు. మాట చెప్పే ముందు దాని అర్థం ఆమెకు తెలిసిన భాషలో చెప్పించు. ‘నీకో దండం’ అనే మాటకు నవ్వుతూ దండం పెట్టిన అమ్మాయిని నేను చూశాను. అక్కడ ఉన్నది కోపమని ఆమెకు ఎవరూ చెప్పలేదు. డబ్బింగ్ చెప్పే ఆవిడను కూడా ఒకసారి సెట్‌కు పిలిపించి ఆ పిల్లతో కూర్చోబెట్టు. రెండు ముక్కలైన మనిషిని కుట్టడం అది.

ఛానల్ గురించి ఎక్కువ చెప్పను, నీకే తెలుస్తుంది. గురువారం టీఆర్‌పీ వస్తుంది. శుక్రవారం కథ మారుతుంది. చెంపదెబ్బ మూడుసార్లు, మూడు వైపుల నుంచి, ఉరుముతో సహా కావాలంటారు. ఇచ్చేయి. దాని కోసం యుద్ధం చేయకు. కానీ ఆ దెబ్బ చూస్తున్న పనిమనిషి ముఖం ఒకటి తీసుకుని ఉంచుకో. ఎడిటింగ్‌లో ఆ ముఖం దానంతట అదే చోటు సంపాదించుకుంటుంది. వారానికి ఒక్క విషయం కోసం పట్టుబట్టు, మిగతా ఆరు వదిలేయి. ఏడింటి కోసం పోట్లాడే వాళ్లకు ఒక్కటీ దక్కదు, పైగా కష్టమైన మనిషి అని పేరు వస్తుంది. మగవాళ్లకైతే అదే పేరు ‘పట్టుదల ఉన్న మనిషి’ అని వస్తుంది.

ఇంకో సంగతి, సీరియల్ చూసేవాళ్లు సగం సమయం వింటూ ఉంటారు. వంటింట్లో తాలింపు వేస్తూ, బట్టలు మడతపెడుతూ వింటారు. అందుకే మన వాళ్లు ప్రతి దానికీ మాట, ప్రతి మాటకూ మోత పెడతారు. నేను ఒకసారి అరనిమిషం పూర్తిగా నిశ్శబ్దం పెట్టాను. వంటింట్లో ఆవిడ టీవీ ఆగిపోయిందేమోనని గరిటెతో సహా వచ్చి చూస్తుందని నా ఎత్తు. వచ్చారట, చాలామంది చెప్పారు. కరెంటు పోయిందనుకున్నామని కూడా చెప్పారు.

చంటిపిల్లలు, బడి పిల్లలు ఉన్న సీన్లను ఉదయమే పెట్టు. ఇది దయ మాత్రమే కాదు, చట్టం కూడా. బాలనటులు రోజుకు అయిదు గంటల కన్నా ఎక్కువ పని చేయకూడదు, విరామం లేకుండా మూడు గంటలు దాటకూడదు. వాళ్ల సంపాదనలో కనీసం అయిదో వంతు పిల్లల పేరు మీద బ్యాంకులో వేయాలి. ముందుగా జిల్లా అధికారి అనుమతి కావాలి. ప్రొడక్షన్ మేనేజర్ ‘అవన్నీ మేం చూసుకుంటాం’ అంటాడు. కాగితం చూపించమను. షూటింగ్ ఇల్లు మొదటిసారి చూడటానికి వెళ్లినప్పుడు హాలు కన్నా ముందు బాత్‌రూము చూడు. ఆడవాళ్లు బట్టలు మార్చుకునే గదికి గడియ ఉందో లేదో చూడు. మనం ఎన్నేళ్లు దుప్పటి అడ్డం పట్టుకుని చీరలు మార్చుకున్నాం? నువ్వు ఆ కుర్చీలో కూర్చున్నాక కూడా ఆ దుప్పటి ఉంటే నాకు ఫోను చేయకు.

డబ్బు. నటికి రోజు లెక్క, డైరెక్టర్‌కు చాలాచోట్ల ఎపిసోడ్ లెక్క. రోజు గడిచింది గానీ ఎపిసోడ్ పూర్తి కాలేదంటే నష్టం ఎవరిదో కాగితం మీద రాయించుకో. నాకు ఒక నిర్మాత పదకొండు ఎపిసోడ్ల డబ్బు ఇవ్వలేదు, ఎదురుపడితే ఇప్పటికీ కాళ్లకు దండం పెడతాడు. నేర్చుకోవడానికి వచ్చావు కదా అని ఉచితంగా చేయమంటే లేచి వచ్చేయి. ఎడిటింగ్ గదిలో ఆ నెల రోజులు వేరు, అది నీ చదువు. షూటింగ్ చదువు కాదు, పని.

నటన పూర్తిగా మానేస్తానన్నావు. ఎందుకు? బయట మంచి వేషం వస్తే నెలకు రెండు రోజులు చేసిరా. ఎండలో నిలబడి డైరెక్టర్ కోసం ఎదురుచూడటం ఎలా ఉంటుందో మరిచిపోకుండా ఉంటావు. కానీ నీ సీరియల్‌లో నువ్వు వేషం వేయకు, కనీసం మొదటి ఏడాది. హిందీ నటి నీనా గుప్తా గారు 1998లో ‘సాన్స్’ సీరియల్‌ను తానే రాసి, తానే డైరెక్ట్ చేసి, తానే ముఖ్యపాత్ర వేశారు కదా అంటావు. వేశారు. అది రాసింది కూడా ఆవిడే కాబట్టి ఆ పాత్ర లోపల ఏముందో ఎవరినీ అడగనక్కర లేదు. నీకు రాత్రి పదింటికి ఇంకొకరు రాసిన సీన్ పేపరు వస్తుంది. నీ క్లోజు నువ్వే చూసుకుని నువ్వే ఓకే చెప్పుకోవాలి. అప్పుడు మానిటర్‌లో నువ్వు చూసేది సీనును కాదు, గడ్డం కింద మడతను. నా అనుభవమే చెప్తున్నాను.

ఇక లేచి చేసి చూపించాలనే ఆ పురుగు. అది పూర్తిగా చావదు. నేను చివరి సీరియల్ చేసిన రోజున కూడా కుర్చీ చేతులు గట్టిగా పట్టుకుని కూర్చున్నాను. మా కో-డైరెక్టర్‌కు ఆ సంగతి తెలుసు. నేను ముందుకు ఒరిగితే చాలు, టీ గ్లాసు తెచ్చి చేతిలో పెట్టేవాడు. చేతిలో వేడి టీ ఉంటే మనిషి లేవలేదు. అటువంటి మనిషిని ఒకళ్లను నువ్వూ వెతుక్కో.

వచ్చే నెల కంటి పరీక్షకు హైదరాబాద్ వస్తున్నాను. నాలుగు రోజులు ఉంటాను. నీ నిర్మాత ఇచ్చిన ఒప్పందం కాగితం, మొదటి పది ఎపిసోడ్ల కథ తీసి ఉంచు, కలిసి చదువుదాం. అగ్గిపెట్టెలు కూడా రెండు కొనిపెట్టు. అమ్మను అడిగినట్లు చెప్పు. పాప పదో తరగతి పరీక్షలు బాగా రాసిందని విన్నాను, సంతోషం.

ఇట్లు,
మీ పిన్ని

తా.క.: నీ మొదటి ఎపిసోడ్ ఏ రోజు, ఎన్ని గంటలకో ముందే చెప్పు. ఆ సమయానికి మీ బాబాయి వార్తలు చూస్తారు. రిమోట్ మధ్యాహ్నమే దాచిపెట్టాలి.